నల్లమన్ను

మూడోసారి కూడా వచ్చాడు ఎవాల్డ్ దొర,
పురూస్ నది చిక్కి, ఇసుకతిన్నెలు వీపులు ఆరబెట్టుకునే నెలలో.
మొదటి ఏడు ఆరు పడవలు, ముప్పైమంది కూలీలు,
గాజుమూతల పెట్టెల్లో వంద రకాల మందులు.
ఇప్పుడు ఒకటే పడవ. నేనూ, మేనల్లుడు అగ్రిపీనో,
తుప్పుపట్టిన కొలతగొలుసూ.

పటాన్ని మైనపుగుడ్డలో చుట్టి రొమ్ముకు కట్టుకునేవాడు.
స్నానానికి దిగినా విప్పడు.
దాన్లో మా నది ఒక వంకర గీత. మా ఊరు లేదు.
గీత ఆగిపోయిన చోట ఎర్రసిరాతో ఒక కోట.
"ఎవరు చూశారు దొరా?"
"ఒక పాదిరి. రెండు వందల ఏళ్ళ కిందట.
జ్వరంలో."
ఆ చివరి మాట మాత్రం నీళ్ళకేసి చూస్తూ అన్నాడు.

అతనికి రాయి కావాలి.
రాతి మెట్లు, రాతి వాకిళ్ళు, రాతి కళ్ళతో కూర్చున్న రాజులు.
పుస్తకంలో రోజుకో పేజీ, పేజీ అంతా ఒకటే మాట:
రాయి లేదు. రాయి లేదు. రాయి లేదు.
మా నేలంతా ఒండ్రు. కత్తి నూరుకునే రాయైనా
తొమ్మిది రోజుల ఎగువ నుంచి రావాలి,
పెళ్ళికూతురిలా, పడవలో, గుడ్డ కప్పుకుని.
అది చెబితే నవ్వాడు. "దాచేశారు" అన్నాడు.
లేనిదాన్ని ఎలా దాస్తారో
ఆ రాత్రంతా తెడ్డు పక్కన పడుకుని ఆలోచించాను.

మా అత్త జెనెరోజా అపురినా మనిషి.
ఏటా అతన్ని మొదట తన పొయ్యి దగ్గరే కూర్చోబెట్టేది.
కర్రపెండలం పిండి వేయించి చేపపులుసులో కలిపి పెట్టేది.
ఆమె చేను చూసి అతనే అడిగాడు ఒకసారి,
ఇంత నల్లమన్ను ఎక్కడిదని.
"మా అమ్మ ఇచ్చింది. ఆమెకు వాళ్ళమ్మ."
దొర తలూపాడు. రాసుకోలేదు.
ఆ మన్నులో వేలు గుచ్చితే బొగ్గు, చేపముళ్ళు, పగిలిన కుండలు.
పొయ్యికి మూడు మట్టిముద్దలు. పొట్టిదాని కింద ఆసరాగా
గుడ్లగూబ మొహమున్న పెంకు.
మూడేళ్ళూ దాని కళ్ళు అతని బూట్లకేసే.

తర్వాత ఆ రోజు.
తీరం వదిలి పదకొండు రోజులు. సన్నటి చినుకు.
గొలుసు లాగుతూ ముందు పోతున్న దొర
ఉన్నట్టుండి లేడు.
ఆకుల కింద ఒక పల్లం, నిలువెత్తు లోతు, మింగేసింది.
చీలమండ విరిగిన చప్పుడు నాకు వినపడింది.
తన భాషలో బూతులు తిట్టాడు.
పటాన్ని తడిమి చూసుకున్నాకే కాలు తడుముకున్నాడు.

పైకి లాగడానికి వీలైన చోటు వెతుకుతూ
పల్లం అంచునే నడిచాను. ఎడమకు. ఎప్పుడూ ఎడమకు.
నీళ్ళు తొలిచిన వాగైతే ఎటోవైపు దిగాలి, ఇది దిగదు.
గట్టు ఒకే ఎత్తు. వంపు ఒకే వంపు.
రెండు చుట్టలు కాల్చేంత సేపటికి
ఎదురుగా మళ్ళీ దొర మూలుగు.

గుండ్రం.
నదికి గుండ్రంగా తవ్వడం రాదు.

"ఏం కనపడింది?" అన్నాడు.

నోరు తెరిచాను. నిజంగానే తెరిచాను.
అప్పుడు కళ్ళముందు ఆరు పడవలు, అరవై పడవలు,
అత్త చేలో గుంజలు, గొలుసులు,
గాజుమూత కింద గుడ్లగూబ మొహం.
అదొక్కటే కారణమని చెప్పను.
మూడేళ్ళలో అతను నన్ను ఒక్కసారీ పేరు పెట్టి పిలవలేదు.

"పల్లం దొరా," అన్నాను. "ఉత్త పల్లం."
రాసుకున్నాడు.

దిగువకు తెస్తుంటే పడవలో కోట చూశాడు.
మెట్లు లెక్కపెట్టాడు. నలభై దాకా వచ్చి
తప్పి, మళ్ళీ ఒకటి నుంచి.
మనావుస్ ఆసుపత్రి మెట్ల మీద దింపాను. అవి రాతివే.
నాలుగో ఏడు రాలేదు.

ఇప్పుడు నీళ్ళు తగ్గగానే నేనే కత్తి నూరుకుంటాను.
ఎవరికీ చెప్పకుండా వెళ్ళి ఆ గట్టు చుట్టూ నడిచొస్తాను.
నిరుడు దాని పక్కన ఇంకో వలయం దొరికింది.
దాన్నుంచి ఉత్తరానికి, తాడు పట్టి గీసినట్టు, ఒక బాట.
ఎక్కడిదాకా పోతుందో ఇంకా చూడలేదు.
అగ్రిపీనో భార్య నా కళ్ళకేసి అదోలా చూస్తోంది.
జ్వరం ఏమీ లేదు నాకు.
చెయ్యి పెట్టి చూడండి.